ఆర్ట్ డైరెక్షన్‌లోకి వెళ్తానంటున్నాడు మా తమ్ముడు, ఆ పనిలో ఉన్నవాళ్లు చెప్పండి

మిర్యాలగూడ అక్క

అందరికీ నమస్తే. మా తమ్ముడికి ఈ ఏడాదే ఇంటర్ అయింది. ఎంపీసీ, మార్కులు బాగానే వచ్చాయి. ఇంట్లో అందరం ఇంజినీరింగ్ అనుకున్నాం. వాడేమో సినిమాల్లో ప్రొడక్షన్ డిజైనర్ అవుతానని పట్టుబట్టి కూర్చున్నాడు. చిన్నప్పటి నుంచీ బొమ్మలు బాగా వేస్తాడు, ఆ మాట నిజమే.

సమస్య మా నాన్న. ఆయన బోర్డులు రాసేవారు. ఒకప్పుడు మా ఊళ్లో బస్టాండ్ రోడ్డు దుకాణాల పేర్లు సగం ఆయన చేతిరాతే. రైస్ మిల్లుల గోడల మీద ఆరడుగుల అక్షరాలు నిచ్చెన మీద నిలబడి రాసేవారు. ఫ్లెక్సీలు వచ్చాక మూడు నాలుగేళ్లలో ఆ పని మొత్తం పోయింది. బ్రష్షులు డబ్బాలో పెట్టి మిల్లులో గుమాస్తాగా చేరారు. "చేతిలో కళ ఉంటే కడుపు నిండదు, నేను చూసిన" అంటారు. ఆయన్ని తప్పుపట్టలేను. పది రోజులుగా ఇద్దరికీ మాటల్లేవు. అన్నం పెడితే ఒకరు లేచాక ఇంకొకరు కూర్చుంటున్నారు.

అసలు ఈ పనేంటి, ఏం చదవాలి, బతకగలడా? దాచకుండా చెప్పండి.

చౌటుప్పల్ మగ్గం

అక్కా, నేను పదకొండేళ్లుగా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో ఉన్నా. ఇప్పుడు అసోసియేట్‌ని. మాది నేతపని ఇల్లు.

ముందు పేరు సంగతి. మన సినిమాల టైటిల్స్‌లో చాలాకాలం 'కళ' అనే పడేది. 1957 మాయాబజార్‌కి కళ చూసింది గోఖలే, కళాధర్ గార్లు. ప్రొడక్షన్ డిజైనర్ అన్న మాట 1939లో హాలీవుడ్‌లో పుట్టింది. గాన్ విత్ ద విండ్‌కి పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్ అనే ఆయనకు ఆ పేరు ఇచ్చారు. సినిమా మొత్తం కంటికి ఎట్లా కనపడాలో కథ దగ్గరే కూర్చుని ఆలోచించేవాడు ప్రొడక్షన్ డిజైనర్. ఏ రంగులు ఉండాలి, హీరో ఇల్లు ఎంత ఇరుకుగా ఉండాలి, ఏది సెట్, ఏది నిజమైన లొకేషన్, ఇవన్నీ కెమెరామన్‌తో, కాస్ట్యూమ్స్ వాళ్లతో కలిసి తేలుస్తారు. దాన్ని గీతల్లోకి, కొలతల్లోకి, ఖర్చులోకి తెచ్చి కట్టించేది ఆర్ట్ డైరెక్టర్. చిన్న సినిమాల్లో రెండూ ఒక్కరే చేస్తారు.

మాలాంటి వాళ్ల రోజు ఎట్లా ఉంటుందో ఒక్క సంగతి చెప్తా. ఓ సినిమాలో నేతన్న ఇల్లు సెట్ వేయాల్సి వచ్చింది. కథ 1990 ప్రాంతంలోది. ఇంట్లో గుంట మగ్గం ఉండాలి. నేసే మనిషి కాళ్లు గుంటలో ఉంటాయి, తొక్కుడు కర్రలు ఆ గుంటలోనే ఉంటాయి. స్టూడియో ఫ్లోర్ సిమెంటుది, తవ్వనివ్వరు. మగ్గాన్ని బల్ల మీదికి ఎక్కిద్దామని ఒకరన్నారు. అట్లా చేస్తే పోచంపల్లి మనిషి ఎవరైనా ఒక్క చూపులో తప్పు పట్టేస్తాడు. కూర్చునే తీరే మారిపోతుంది. నేను భయపడుతూనే చెప్పా: "సార్, మగ్గం వద్దు, ఇల్లు మొత్తాన్నే పైకి లేపుదాం." రెండున్నర అడుగుల ఎత్తున ప్లాట్‌ఫామ్ కొట్టి, పైన మట్టి పూసి, మగ్గం దగ్గర గుంటంత ఖాళీ వదిలాం. గడప, అరుగు, వాకిలి అన్నీ ఆ ఎత్తుకే కట్టాం. తెర మీద చూస్తే నేల మీదున్న ఇల్లే.

ఇంకో మూలన ఆసు, అంటే నేతకు ముందు నూలు పోగులు పోసుకునే మేకుల చట్రం, పెట్టాం. చింతకింది మల్లేశం గారి లక్ష్మీ ఆసు యంత్రం ఆ కాలానికి ఇంకా రాలేదు, కాబట్టి చేత్తో పోసే ఆసే ఉండాలి. మా అమ్మ అటక మీది పాత ఆసు దింపి, తుడిచి, బస్సులో పంపింది. రోజుకు వేలసార్లు చెయ్యి తిప్పి తిప్పి భుజం పోయిన మనిషి ఆమె. ఆ ఆసు మేకులు అరిగిన తీరు ఏ పెయింటరూ తేలేడు.

మీ తమ్ముడు మన దిక్కు పుట్టాడు. అదే వాడి మొదటి పెట్టుబడి. పెంకుటింట్లో దూలం ఎక్కడ నల్లబడుతుందో, గోలెం చుట్టూ నాచు ఎంత ఎత్తు పడుతుందో వాడికి ఎవరూ నేర్పక్కర్లేదు.

దేవరకొండ పిలగాడు

అన్నా, నాకూ ఇదే ఇష్టం. ఏఐలో బొమ్మలు క్షణంలో వస్తున్నాయి కదా, ఈ పని ఉంటుందా?

చౌటుప్పల్ మగ్గం

తమ్మీ, డైరెక్టర్‌కి చూపించే మొదటి బొమ్మల్లో దాని వాడకం పెరిగింది, నిజమే. కాని బొమ్మలో తలుపును హీరోయిన్ తోసుకుని రాలేదు. ఆ తలుపు ఎటు తెరుచుకోవాలి, తెరిస్తే కెమెరా ట్రాలీకి అడ్డమా, ఏ గోడ ఊడదీస్తే కెమెరా వెనక్కి వెళ్తుంది, పైన లైట్లకు ఎంత జాగా వదలాలి? ఇవి చెప్పేవాడే సెట్ మీద కావాలి. కేవలం బొమ్మ దగ్గర ఆగిపోయేవాడికి మాత్రం ఇబ్బందే. అందుకే కొలతల డ్రాయింగ్ నేర్చుకోమంటా.

కల్వకుర్తి బాబాయ్

అమ్మా, అందరూ మంచే చెప్తారు. నేను రెండో వైపు చెప్తా.

మా అబ్బాయి ఇదే పిచ్చితో వెళ్లి నాలుగేళ్లు అసిస్టెంటుగా చేశాడు. మొదటి ఏడాది జీతం అనేదే లేదు, టిఫినూ భోజనం పెట్టి బస్సు కిరాయి ఇచ్చేవారు. రెండో సినిమా సగంలో ఆగింది. మూడు నెలల డబ్బులు ఇవ్వలేదు. ఆ ఆఫీసు చుట్టూ తిరిగి తిరిగి చెప్పులు అరిగాయి. కార్పెంటర్లు నలుగురు కలిసి గట్టిగా అడిగితే వాళ్లకు కొంత ఇచ్చారు, మావాడికి అదీ లేదు. అప్పటికి వాడికి అసోసియేషన్ కార్డు, అంటే సినిమా పనివాళ్ల సంఘం సభ్యత్వం, కూడా లేదు, ఎవరికి చెప్పుకోవాలి? కృష్ణానగర్‌లో ఒక్క గదిలో ఐదుగురు పడుకునేవాళ్లు. టైఫాయిడ్ వచ్చి ఇంటికి తెచ్చుకున్నాం.

ఇప్పుడు మహబూబ్‌నగర్‌లో ఇంటీరియర్ పనులు చేస్తున్నాడు. పెళ్లి మండపాలకు డిజైన్ ఇస్తాడు. బాగానే సంపాదిస్తున్నాడు. కాని టీవీలో వాడు పనిచేసిన సినిమా వస్తే లేచి బయటకు వెళ్తాడు. నాకు అది చూస్తే ప్రాణం ఉసూరుమంటుంది. మీ నాన్నగారి భయం ఉత్త భయం కాదు. ఇంట్లో కనీసం రెండు మూడేళ్లు ఆదుకునే శక్తి ఉందా లేదా చూసుకుని పంపండి.

మిర్యాలగూడ అక్క

బాబాయ్ గారూ, మీరు రాసింది చదివి చాలాసేపు ఏం రాయలేకపోయాను. మీ అబ్బాయిని ప్రేమగా అడిగానని చెప్పండి. నేను టీచర్‌గా చేస్తున్నాను. రెండు మూడేళ్లు వాడిని చూసుకోగలను. నాన్నకు ఆ మాట ఇంకా చెప్పలేదు.

గద్వాల్ గీతలు

అక్కా, చదువు విషయం నేను చెప్తాను. నేను హైదరాబాద్‌లో ఆర్కిటెక్చర్ చదివి, తర్వాత పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఆర్ట్ డైరెక్షన్ అండ్ ప్రొడక్షన్ డిజైన్ మూడేళ్ల కోర్సు చేశాను. అక్కడ చేరాలంటే డిగ్రీ ఉండాలి కాబట్టి తమ్ముడికి ఇప్పుడే కుదరదు. ఇంటర్ తర్వాత రెండు దారులు ఉన్నాయి. మాసాబ్ ట్యాంక్‌లోని జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీలో నాలుగేళ్ల బీఎఫ్‌ఏ, అంటే ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ, ఉంది. పెయింటింగ్, శిల్పం, అప్లైడ్ ఆర్ట్ లాంటి విభాగాలు ఉంటాయి. దానికి ఫాడీ అనే ఎంట్రన్స్ రాయాలి. మెమరీ డ్రాయింగ్ ఉంటుంది, అంటే చూసిన దాన్ని గుర్తుపెట్టుకుని వేయాలి. రెండో దారి బీఆర్క్, అంటే ఆర్కిటెక్చర్ డిగ్రీ. ఎంపీసీ కాబట్టి దానికి నాటా అనే ఎంట్రన్స్ రాయొచ్చు, కోర్సు ఐదేళ్లు. సినిమా కుదరకపోయినా చేతిలో వృత్తి ఉంటుంది కాబట్టి నాన్నగారు దీనికి త్వరగా ఒప్పుకోవచ్చు.

ఒకటి మాత్రం గట్టిగా చెప్తాను. వేలకు వేలు తీసుకుని మూడు నెలల్లో ఆర్ట్ డైరెక్టర్‌ని చేస్తామనే కోర్సుల జోలికి వెళ్లొద్దు.

సినిమా చదువు కట్టడం పనికి పనికొస్తుందా అని అడిగేవాళ్లకు నేను మన యాదగిరిగుట్టే చూపిస్తాను. గుడి పునర్నిర్మాణానికి డిజైన్ చేసిన ఆనంద్ సాయి గారు సినిమా ఆర్ట్ డైరెక్టర్. 2022 మార్చి 28న గుడి మళ్లీ తెరిచాక నేను వెళ్లాను. నల్లరాతి ప్రాకారం మలుపు తిరగగానే గోపురం కనపడే ఆ తీరు చూసి అక్కడే నిలబడిపోయాను. మనిషి ఏ చోట నిలబడి ఏం చూస్తాడో ఆలోచించి పెట్టడమే ఈ పనిలో నేర్చుకునేది.

ఆడపిల్లలు ఎవరైనా చదువుతుంటే మీకూ చెప్తున్నా. పని చేయొచ్చు, చేస్తున్నాం. కాని రాత్రి షిఫ్టులు ఎక్కువ, ఊరి బయట సెట్ అయితే బాత్రూమ్ ఎక్కడుందో చేరకముందే అడగాలి. సిగ్గుపడొద్దు.

జడ్చర్ల మౌల్డర్

నమస్తే. నేను మౌల్డింగ్ పని చేస్తా. ఇరవై రెండేళ్ల సర్వీసు. మా తాత నాగార్జునసాగర్ కడుతుంటే రాళ్లు మోసిన మనిషి. పాలమూరోళ్లు కట్టని డ్యాము లేదంటారు, సెట్టు కూడా లేదని నేనంటా.

డిజైనర్ కావాలనుకునే పిల్లలు ముందు మా దగ్గర నెల రోజులు నిలబడాలి. గుడి స్తంభం కావాలంటే మట్టితో ఒక్కటే చేస్తాం. దాని మీద అచ్చు తీస్తాం. అచ్చులో పీవోపీ (ప్లాస్టర్ ఆఫ్ పారిస్) పలుచగా పోసి, కొబ్బరి పీచు పరిచి, మళ్లీ పోస్తాం. పీచు లేకుంటే ఎత్తేటప్పుడే విరుగుతుంది. ఆరినాక ఇద్దరు మనుషులు మోసుకుపోయేంత తేలిక. లోపల బోలు, సర్వి కర్ర మీద నిలబెడతాం. ఇట్లాంటివి నలభై అయితే మండపం.

ఒకసారి అలంపురం గుళ్ల లాంటి స్తంభాలు కావాలన్నారు. కొత్తగా వచ్చిన అసిస్టెంటు ఫోన్‌లో ఫొటో తెచ్చిండు. ఫొటోలో చెక్కుడు లోతు తెల్వదు. ఆ అబ్బాయిని బండి మీద అలంపురం తీసుకపోయిన. ముట్టుకోవద్దు, చూడు అన్న. పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి చూపించిన. ఎండ పక్క నుంచి పడితేనే లోతు కనపడుతది. వాపసు వచ్చి ఆ అబ్బాయి గీసిన గీత వేరే. ఇప్పుడు సొంతంగా సినిమాలు చేస్తున్నడు, ఎక్కడ కనపడ్డా దగ్గరికొచ్చి పలకరిస్తడు.

ఒక మాట, మాస్కు లేకుండా పీవోపీ దగ్గర నిలబడొద్దు. నేను పదేళ్లు నిలబడ్డా. ఇప్పుడు చలికాలం వస్తే దగ్గు ఆగదు.

సాగర్ సివిల్

నేను సివిల్ ఇంజినీర్‌ని, సెట్ల గురించి ఓ సందేహం. గాలికి అవి ఎట్లా నిలబడతాయి? పీవోపీ, ప్లైవుడ్ తెరచాప లాంటివే కదా.

చౌటుప్పల్ మగ్గం

బాగా అడిగారన్నా. ఓసారి ఏప్రిల్‌లో బయట సెట్ వేశాం. పాతకాలపు బజారు వీధి, రెండంతస్తుల ముఖాలు. సాయంత్రం ఈదురుగాలి లేచింది. వెనక ఆనింపు కర్రలు పెట్టాం కాని ఒక వైపు తాళ్లు బిగించడం మర్నాటికి వదిలేశారు. ఆ వైపు గోడ మా కళ్లముందే ఊగి, కింది నుంచి విరిగి వెల్లకిలా పడింది. షూటింగ్ లేదు కాబట్టి ఎవరికీ ఏం కాలేదు. పడిన చోట మధ్యాహ్నం దాకా పెయింటర్లు కూర్చుని అన్నం తిన్నారు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. అప్పట్నుంచి తాళ్లు బిగించకుండా నేను ఇంటికి రాను. పెద్ద సెట్లకు ఇప్పుడు ఇనుప ఫ్రేమ్ వేస్తున్నారు, మీలాంటి ఇంజినీర్లను పిలిచి చూపిస్తున్నారు. అన్ని సినిమాల్లో పిలవాలి.

అక్కా, మీ మొదటి పోస్టులో ఒక సంగతి ఉంది, అప్పుడే అడగాల్సింది. మీ నాన్నగారు ఇప్పుడు కూడా బోర్డు రాయగలరా?

ఎందుకంటే పాత వీధి సెట్ వేస్తే మాకు అన్నిటికంటే కష్టం బోర్డులే. కంప్యూటర్‌లో అక్షరం తీసి ప్రింట్ కొట్టి అంటిస్తారు. ప్రతి 'క' ఒకే తీరుగా ఉంటుంది, చూడగానే అబద్ధం తెలిసిపోతుంది. చేతిరాతలో తలకట్టు ఒక్కోసారి ఒక్కోలా వంగుతుంది, చివరి అక్షరానికి జాగా చాలక ఇరుకవుతుంది. అందులోనే ప్రాణం ఉంటుంది. ఇంకా ఎన్ని తప్పులు చూశానో. 1995 కథలో సూర్యాపేట దుకాణం బోర్డు మీద 'సూర్యాపేట జిల్లా' అని రాశారు. జిల్లా అయింది 2016 అక్టోబర్‌లో. అంతకుముందు నల్లగొండ జిల్లానే కదా. బండి నంబర్ అయితే ఏపీ 24 పోయి టీఎస్ 05 వచ్చింది తెలంగాణ ఏర్పడ్డాకే, టీజీ అనేది 2024లో. ఫోన్ నంబర్ రాస్తే పది అంకెల సెల్ నంబర్ ఉండకూడదు. ఇవన్నీ ఆ రోజుల్లో రాసిన మనిషికి పుస్తకం చూడకుండా తెలుసు.

మిర్యాలగూడ అక్క

అన్నా, ఆయన బ్రష్ పట్టి పద్నాలుగేళ్లయింది. అడిగే ధైర్యం నాకు లేదు.

గద్వాల్ గీతలు

అడగొద్దు అక్కా. ముందు తమ్ముడికి ఒక పని ఇవ్వండి. మీకు ఊళ్లో పాత ఇల్లు ఉందా? టేపు పట్టుకుని ఆ ఇంటిని కొలిచి రమ్మనండి. దర్వాజ ఎత్తు, గడప మందం, గోడ మందం, కిటికీ నేల నుంచి ఎంత ఎత్తులో ఉంది, వాసానికి వాసానికి మధ్య ఎంత, అన్నీ. ప్లాన్ గీయాలి, నాలుగు గోడలూ విడివిడిగా గీయాలి. తర్వాత మచ్చలు కూడా గీయాలి. పొయ్యి పైన పొగ ఎంత దూరం పాకింది, సున్నం ఎక్కడ పెచ్చులూడింది, చూరు నీళ్లు చిందిన బురద గోడ మీద ఎంత ఎత్తు పడింది. మేం దాన్ని ఏజింగ్ అంటాం. కొత్త ప్లైవుడ్ గోడను నలభై ఏళ్ల ఇంటి గోడ చేయాలంటే ఈ మచ్చల లెక్క తెలియాలి. వారం ఆ పని విసుగు లేకుండా చేస్తే వాడు ఈ పనికి పనికొస్తాడు. విసుగొస్తే అది కూడా ఇప్పుడే తెలియడం మంచిది.

దేవరకొండ పిలగాడు

అక్కా, నేనూ చేస్తా. మా అమ్మమ్మ వాళ్ల ఇల్లు ఖిల్లా కిందే.

మిర్యాలగూడ అక్క

తొమ్మిది రోజుల తర్వాత రాస్తున్నా.

నిడమనూరు దగ్గర మా నానమ్మ ఇల్లు ఉంది. పెంకుటిల్లు, ఇప్పుడు ఎవరూ ఉండట్లేదు. తమ్ముడు నాలుగు రోజులు అక్కడే ఉన్నాడు. పద్దెనిమిది షీట్లు గీశాడు. నేను ఊరికే పైపైన చూద్దామని తీశాను, కాని ఒక షీటు దగ్గర ఆగిపోయాను. నడిమింటి దర్వాజ కమ్మి మీద, ఎడమ పక్క, మూడడుగుల మూడంగుళాల ఎత్తులో అరచేయంత నల్లటి జిడ్డు మరక. పక్కన వాడు రాశాడు: "నానమ్మ చెయ్యి. మోకాళ్ల నొప్పికి పట్టుకుని లేచేది." నేను ఆ ఇంట్లో పదేళ్లు తిరిగాను, ఆ మరక ఎప్పుడూ చూడలేదు.

షీట్లన్నీ మంచం మీద పరిచి బడికి వెళ్లా. సాయంత్రం వచ్చేసరికి నాన్న చూస్తున్నారు. మరక షీటు చాలాసేపు పట్టుకున్నారు, ఏమీ అనలేదు. చివరి షీటులో తమ్ముడు ఇంటి ముందున్న మా తాత కిరాణా దుకాణం ఊహించి గీసి, బోర్డు మీద పేరు రాశాడు. దాన్ని చూసి మాత్రం ఇన్ని రోజుల తర్వాత మొదటిసారి వాడితో మాట్లాడారు. "ఆ దుకాణం బోర్డు ఇట్ల లేకుండె. పసుపు మీద ఎర్ర అక్షరం, నల్ల నీడ. నేను రాసిన మొదటి బోర్డు అదే" అన్నారు. తర్వాత లేచి వెళ్లి, నూలు దారానికి చాక్‌పీసు పొడి రుద్ది తెచ్చారు. ఒక కొస వాడిని పట్టుకోమని, రెండో కొస తను పట్టుకుని, అట్టముక్క మీద టక్కున కొట్టి గీత వేశారు. అక్షరం ఎత్తు ఎంత, నీడ ఎటు పడాలి, అంతా చూపించారు. నేను గడపలోనే నిలబడ్డా, లోపలికి వెళ్లలేదు.

సినిమాకు పంపడానికి ఒప్పుకున్నట్టు కాదు. "ఆర్కిటెక్చర్ అయితే చూద్దాం" అన్నారు, అంతే. వాడు నాటా, ఫాడీ రెండూ రాస్తానన్నాడు. రెండు మూడేళ్లు నేను చూసుకుంటానని కూడా చెప్పేశాను. దానికి జవాబివ్వలేదు.

కల్వకుర్తి బాబాయ్

అమ్మా, మా వాడికి నీ పోస్టు చదివి వినిపించా. తమ్ముడు హైదరాబాద్ వెళ్లేటప్పుడు ఒక్కసారి ఫోన్ చేయమన్నాడు. డబ్బుల విషయంలో ముందుగా ఏం మాట్లాడుకోవాలో, ఏం రాయించుకోవాలో చెప్తాడట. తన డ్రాఫ్టింగ్ సామాను కూడా ఇస్తానన్నాడు.

చౌటుప్పల్ మగ్గం

అక్కా, మాకు వచ్చే నెల ఒక వీధి సెట్ ఉంది. ఇరవై రెండు బోర్డులు కావాలి. నాన్నగారు వస్తానంటే రోజు కూలి ఏ రోజుది ఆ రోజే నేనే చేతికి ఇప్పిస్తా, ఆ మాట నాది. తమ్ముడిని తోడు తెచ్చుకోమనండి. సెట్ కూడా చూస్తాడు.

మిర్యాలగూడ అక్క

అడిగాను అన్నా. వస్తారో రారో చెప్పలేదు. రాత్రి డబ్బా తీసి బ్రష్షులు కిరసనాయిల్‌లో నానబెట్టారు. సగం వెంట్రుకలు ఊడాయట, కొత్తవి కొనాలట. మిమ్మల్ని ఒకటి అడగమన్నారు: బోర్డులు రేకు మీదా, చెక్క మీదా? రేకయితే ముందు రోజే ప్రైమర్ కొట్టి ఆరబెట్టాలట.